వెల్ల ఎంతసేపు? ఒక మాయాలోకపు కాలమానం తయారైన తీరు

తిరుపతిలో కూర్చుని నేను చేసే పని ఫాంటసీ నవలల్లో లోకాలను సరిచూడటం. రాసేవాళ్ళు రాతప్రతి పంపిస్తారు. అందులో రాజుకి పన్ను ఎక్కణ్ణుంచి వస్తోంది, గుర్రం ఒక రోజులో ఎంత దూరం పోతోంది, మంత్రం వేసినవాడికి దానివల్ల ఏం ఖర్చవుతోంది, ఇవన్నీ వెతికి చూసి చెబుతాను. కథ బాగుందో లేదో చెప్పేవాళ్ళు వేరే ఉంటారు. ఆ లోకం తన మాట మీద తాను నిలబడుతోందా అన్నంతవరకే నా పూచీ.

ఈ కేసు పోయినేడు ఎండలు ముదరకముందు నా దగ్గరికి వచ్చింది. రచయిత్రిది చిత్తూరు దగ్గర బంగారుపాళెం వైపు పల్లె. ఇది ఆమె మొదటి నవల. రాసుకోమని ఆమే అంది కాబట్టి రాస్తున్నాను. కథలో కొన్ని సంగతులు మాత్రం మార్చాను.

సున్నపు కొండల నడుమ ఒక దేశం. అక్కడి విద్య గీతవిద్య. నేల మీద తడిపిండితోనో సున్నపు తేటతోనో ముగ్గు వేస్తారు. వేసినప్పుడు అది కంటికి ఆనదు. ఆరి తెల్లబడిందంటే మేలుకున్నట్టు. ఒక ముగ్గు ఏరును ఆపుతుంది, ఒకటి గాయాన్ని మూస్తుంది, ఇంకొకటి దారిని దాస్తుంది. మన వాకిట్లో రోజూ జరిగే పనిలోంచి పుట్టిన మాయ ఇది. చదవగానే ఈ పుస్తకం కోసం ఎంత కష్టపడ్డా తప్పులేదనిపించింది.

ఇబ్బందంతా కాలంతో వచ్చింది. ఒకచోట ముగ్గు 'మూడు నిమిషాల్లో' మేలుకుంది. గడియారమే లేని దేశంలో నిమిషం ఎక్కడిది? ఇంకోచోట కథానాయిక ఊపిరి బిగబట్టి ఏటి అడుగున 'జాముసేపు' దాక్కుంది. జామంటే మూడు గంటలు. 'గడియలో మాయమయ్యాడు' అని ఉంది. గడియ 24 నిమిషాలు, అంతసేపు మాయమవుతూ ఉంటే చూసేవాళ్ళు భోంచేసి రావచ్చు. ఈ పొరపాటు ఆమె ఒక్కర్తిదీ కాదు. గడియ, జాము, విఘడియ (గడియలో అరవయ్యో వంతు) మన నోళ్ళలో కొలతలుగా చచ్చిపోయి, 'కాసేపు', 'చాలాసేపు' అనే అర్థంలో మిగిలాయి. పంచాంగం చూసే ఇళ్ళలో తప్ప వాటి లెక్క ఎవరికీ గుర్తులేదు.

రాతప్రతిలో కాలం ప్రస్తావన వచ్చిన ప్రతి వాక్యాన్నీ ఒక నోటుబుక్కులోకి ఎక్కించడం నా మొదటి పని. పక్కనే మూడు గళ్ళు గీస్తాను: ఎవరు అన్నారు, దేన్ని చూసి అన్నారు, తప్పితే ఏమవుతుంది. ఈ నవలకు రెండో గడి దాదాపు అంతా ఖాళీగానే మిగిలింది. పాత్రలు సమయం చెబుతున్నారు గానీ దేన్నీ చూసి చెప్పడం లేదు. మూడో గడి చూస్తే ఇంకా దిగులేసింది. సమయం తప్పినందువల్ల పుస్తకం మొత్తమ్మీద ఒక్కరికి కూడా ఏమీ కాలేదు.

మొదటి ప్రయత్నం, అది ఎందుకు చెడింది

మొదటి మందు నేనే తప్పు రాశాను. రోజును వంద భాగాలు చేసి, భాగానికి ఒక పేరు పెట్టి, మళ్ళీ దాన్ని వంద చేసి, చక్కటి పట్టిక ఒకటి పంపాను. ఆమె దాంతో రెండు అధ్యాయాలు తిరగరాసింది. చదివితే పాత్రలందరి చేతులకూ కనబడని వాచీలు ఉన్నట్టుంది. 'పదిహేడు భాగాల తర్వాత' అని ఒక పశువుల కాపరి అంటాడు. వాడికి పదిహేడని ఎవరు చెప్పారు?

ఇది నాకు తెలియని పాఠం కూడా కాదు. ఫ్రెంచి విప్లవ ప్రభుత్వం 1793లో రోజుకు 10 గంటలు, గంటకు 100 నిమిషాలు, నిమిషానికి 100 సెకన్లు అని చట్టం చేసింది. లెక్కకు అంతకంటే సులువైనది లేదు. 1795లో పక్కన పెట్టేశారు. జనం పొద్దును లెక్క సులువును బట్టి నడుపుకోరు. కొన్నేళ్ళ కింద ఒక మొబైల్ గేమ్ కంపెనీకి నేను ఇలాంటి పట్టికే చేసి ఇస్తే, ఆడేవాళ్ళు పట్టించుకోవడం లేదని వాళ్ళు నెలలోపే తీసేసి సెకన్లు పెట్టుకున్నారు. అప్పుడు వాళ్ళ మీద కోపం వచ్చింది. ఈ రెండు అధ్యాయాలు చదివాక ఆ కోపం పోయింది.

ఫోన్ చేసి ఆమెను ఒకటే అడిగాను. మీ ఇంట్లో వాచీ చూడకుండా టైమ్ చెప్పేది ఎవరు?

"మా అవ్వ నా. కానీ ఆమె టైమ్ చెప్పదు. ముగ్గు ఆరేలోపల బిందె నింపుకోని రా పో, అంటాది. అంతే."

ఆ మాట విన్నాక నా పట్టికతో ఇక పనిలేదని తెలిసిపోయింది. అవ్వ మాటలో కొలత ఉంది, కొలిచే వస్తువు కంటి ముందుంది, ఆలస్యమైతే తిట్టూ ఉంది. నా మూడు గళ్ళూ ఒక్క వాక్యంలో నిండాయి. పైగా ఆ నవలలో మాయ నడిచేదే ముగ్గు ఆరడం మీద. ప్రమాణం అందులోనే పడుంటే మేమిద్దరం బయటంతా వెతుకుతున్నాం.

పేరు

ముగ్గు వేసినప్పటినుంచి తెల్లబడేదాకా పట్టే కాలం. దీన్ని ఏమనాలి? ముందు 'ఆర' అనుకున్నాం. 'ఆరు ఆరలు' దగ్గర నాలుక తడబడింది, వదిలేశాం. ఆమె 'వెల్ల' అంది. గోడకు వెల్ల వేయడం అందరికీ తెలిసిందే. తెల్లదనం అన్న అర్థం అందులోనే ఉంది. నేను కొత్త ప్రమాణం పేరును ఎప్పుడూ వ్యాకరణంలో దొర్లించి చూస్తాను: వెల్లసేపు, అరవెల్ల, పావువెల్ల, రెండు వెల్లలు, వెల్లలోపు, వెల్ల దాటాక. ఎక్కడా ముడి పడలేదు. పైకి చదివినప్పుడు మాత్రం నాకొక తగులు దొరికింది. 'వెల్లలోపు' అంటే చెవికి 'వెళ్ళేలోపు' అని వినబడుతోంది. ఆమెకు అలా వినబడటమే లేదు. కారణం కాసేపటికి తట్టింది: చిత్తూరు వైపు ఎవరూ 'వెళ్ళరు', 'పోతారు'. ఆ దేశంలోనూ అంతే కానిద్దామన్నాను. పుస్తకం మొత్తంలో 'వెళ్ళు' అన్న క్రియ తీసేసింది. మాండలికం గురించి భయపడుతున్న రచయిత్రికి ఆ ఒక్క నిర్ణయంతో ధైర్యం వచ్చింది. తర్వాతి అధ్యాయాల్లో సంభాషణలు వేరే ఊపిరి పీల్చుకున్నాయి.

వెల్లలో చిన్న ముక్క 'చుక్క'. చెయ్యి తిరిగిన మనిషి ఒక చుక్క పెట్టి తర్వాతిదానికి చెయ్యి జరిపేంతసేపు. దీనికి పెద్దల దారి ఉంది. ఆర్యభటుడు విఘడియను 60 గుర్వక్షరాలు పలికేంతసేపని, లేదా 6 ప్రాణాలని చెప్పాడు. ప్రాణమంటే ఒక ఊపిరి, మన లెక్కలో 4 సెకన్లు. రోజుకు 21,600 ప్రాణాలు, ఆకాశ వృత్తంలో 360 భాగలకు, అంటే డిగ్రీలకు, ఒక్కోదానికి 60 చొప్పున అన్నే కళలు. ఒక ఊపిరికి ఆకాశం ఒక కళ తిరుగుతుంది. ఎన్నిసార్లు తలుచుకున్నా నాకు ఒళ్ళు జలదరిస్తుంది. మనిషి నోటినుంచీ ఊపిరినుంచీ మొదలైన కొలత నక్షత్రాలదాకా పోయింది. మాకు అక్కడిదాకా పోవాల్సిన పని లేదు, చెయ్యి దగ్గర మొదలుపెడితే చాలు.

మిద్దె మీద

నిజంగా ఎంతసేపు పడుతుందో చూడకుండా రాయొద్దన్నాను. మా అమ్మ ముందురోజు రాత్రి బియ్యం నానబెట్టి మెత్తగా రుబ్బింది. పలచగా కలిపి, పాత నూలుచీర పేలిక ముంచి అరచేతిలో పట్టుకుంది. పిండినీళ్ళు ఉంగరపు వేలి మీదుగా జారుతుంటే నేలకు తాకీ తాకకుండా చుక్కలు పెట్టింది. నేను పక్కన కూర్చుని గట్టిగా లెక్కపెట్టాను. రచయిత్రి ఫోన్లో వింటోంది.

మధ్యాహ్నం కాలిన బండ మీద 60 లెక్కపెట్టేలోపే అంచులు తెల్లబడ్డాయి. తెల్లవారుజామున అదే పిండి, అదే చెయ్యి, లెక్క 400 దాటింది. సిమెంటు మీద ఒక తీరు, కడప బండ మీద ఇంకో తీరు. కింద మోకాళ్ళ మీద కూర్చుని చూస్తే ఇంకో సంగతి కనబడింది. చుక్క ఒక్కసారిగా తెల్లబడదు. అంచు చుట్టూ ముందు సన్నటి తెల్లగీత కడుతుంది. మధ్యలో తడిమెరుపు చాలాసేపు నిలబడి, చిన్నదై, చిన్నదై, ఎప్పుడో మన కన్ను పక్కకు పోయినప్పుడు ఆరిపోతుంది. అయితే వెల్ల నిండేది ఎప్పుడు? అంచు కట్టినప్పుడా, మెరుపు పోయినప్పుడా? ఈ ప్రశ్న పుస్తకంలో రెండు పాఠశాలల గొడవైంది. అంచువాళ్ళు, మెరుపువాళ్ళు. సూత్రాలు ఏకరువు పెట్టే పాత మూడో అధ్యాయం తీసేసి, వాళ్ళ జగడం పెట్టాం.

మారిపోయే కొలతతో కథ ఎలా నడుస్తుందని ఆమె భయపడింది. మారడమే దాని బలమని నా వాదన. మనం ఇప్పటికీ అలాంటి కాలంతోనే బతుకుతున్నాం. రాహుకాలం అంటే పగటిని ఎనిమిది భాగాలు చేస్తే అందులో ఒకటి. తిరుపతిలో పగలు శీతాకాలంలో సుమారు 11 గంటల 20 నిమిషాలకు తగ్గి, జూన్ నెలలో 13 గంటలకు దగ్గరగా పెరుగుతుంది. కాబట్టి రాహుకాలం ఒకప్పుడు 85 నిమిషాలు, ఇంకొకప్పుడు 97. సోమవారం ఏడున్నర నుంచి తొమ్మిది అని క్యాలెండర్లో అచ్చువేసింది ఆరింటికి సూర్యుడు ఉదయించే రోజు లెక్క. జనవరిలో ఇక్కడ ఆరున్నర దాటితే గానీ పొద్దు పొడవదు, అసలు లెక్క ఎనిమిదికి అటూఇటూ మొదలవుతుంది. దేశమంతా ఒకే సమయం 82.5 డిగ్రీల రేఖ మీద నడుస్తుంటే మనం 79.4 దగ్గర ఉన్నాం. మన ఊరి సూర్యుడు వాచీకి 12 నిమిషాలు వెనక. అచ్చువేసిన కాలం ఒకటి, నేల మీది కాలం ఒకటి. ఆ రెంటి మధ్య ఎడం ఎప్పుడూ ఉంది.

ఆ ఎడంలోనే ఆమె నవల దొరికింది.

సూత్రం, దాని ఫలితాలు

గీతవిద్యకు మేం పెట్టిన సూత్రం ఒక్కటే: మొదటి చుక్క తెల్లబడేలోపు చివరి గీత పడాలి. ఆలస్యమైతే ముగ్గు సగంలోనే మేలుకుంటుంది. ఏరును ఆపాల్సిన ముగ్గు సగమే మేలుకుంటే ఏరు ఎటు తిరుగుతుందో ఎవరూ చెప్పలేరు.

ఈ ఒక్క వాక్యం రాసుకున్నాక మిగతావి వాటంతటవే వచ్చాయి. వేసవిలో వెల్ల చిన్నది కాబట్టి చిన్న ముగ్గులే సాధ్యం, కానీ తొందరగా మేలుకుంటాయి. ముసురు రోజుల్లో కప్పు కింద పెద్ద ముగ్గు వేసుకోవచ్చు, అది మేలుకునేదాకా శత్రువు ఆగాలి కదా. దండయాత్రలన్నీ చైత్ర వైశాఖాల్లో ఎందుకు జరుగుతాయో అర్థమైంది. పెద్ద కాపుముగ్గు అప్పుడు ఎవరూ వేయలేరు. ఒక్క మనిషి ఎంత నేర్పరి అయినా వెల్లలోపు ఆమె చెయ్యి పెట్టగలిగిన చుక్కలు ఇన్నే. పది చేతులు కలిస్తే పది రెట్లు. అంటే ఊరి బలం మంత్రగాళ్ళలో లేదు, ఒకే లయలో కలిసి ముగ్గు వేయగల వాడలో ఉంది. మొదటి ప్రతిలో కథానాయిక ఒంటరి వీరురాలు. ఈ సూత్రం వచ్చాక ఒంటరిగా ఆమె ఏమీ చేయలేదు. ఇరుగుపొరుగుతో ఉన్న పాత పగలు వదులుకోకుండా, వాళ్ళని కలుపుకోకుండా కథ ముందుకు కదలదు. నేను ఒక్క పాత్రను కూడా మార్చమనలేదు. కొలత మారేసరికి వాళ్ళే మారారు.

మంత్రం ఎంతసేపు ఉంటుందన్న లెక్క మాత్రం ఎత్తేశాం. మేలుకున్న ముగ్గు తొక్కి చెరిపేదాకా ఉంటుంది. దాంతో నా నోటుబుక్కులో చాలా గళ్ళు కొట్టేయగలిగాను. వాననీళ్ళు, పశువుల కాళ్ళు, పరుగెత్తే పిల్లలు, ఇవన్నీ కథలో ప్రమాదాలయ్యాయి.

తర్వాత రాజ్యం వచ్చింది. రాజ్యానికి మారే కొలత పనికిరాదు, పన్నులకూ ఆజ్ఞలకూ స్థిరమైనది కావాలి. అందుకని కోట కింద గాలి ఆడని కొండగదిలో ఒక బండ ఉంది, మూలబండ. దాని మీద ఎప్పుడు చూసినా వెల్ల 240 చుక్కలు. శాసనాల్లో రాసేది ఈ మూలవెల్ల. మనుషులు బతికేది నేలవెల్లలో. ఇక్కడొక మాట చెప్పాలి. స్థిరమైన కొలత చెడ్డదని పుస్తకం అనకూడదని నేను పట్టుబట్టాను. మన గడియ కుడుక ఉండేది. అడుగున సన్న బెజ్జం ఉన్న రాగిగిన్నె నీళ్ళమీద తేలుతూ, నిండి మునిగితే గడియ. పెళ్ళి ముహూర్తాలు దాన్ని నమ్ముకునే నడిచాయి. వేడినీళ్ళయితే కాస్త ముందే మునుగుతుందని తెలిసి కూడా, నలుగురూ ఒప్పుకునే కొలత ఒకటి కావాలి కాబట్టి దాన్ని గౌరవించారు. మూలబండ కూడా అలాంటి మంచి ఆలోచనే. దాన్ని ఎండలో పనిచేసేవాడి నెత్తిన రుద్దినప్పుడే తప్పు జరిగింది.

కథానాయిక తండ్రి చావు అక్కడ పడింది. పాత ప్రతిలో ఆయన శత్రుమంత్రం తగిలి పోయాడు. కొత్త ప్రతిలో నడివేసవి, ఏటిగట్టు, కాలిన ఇసుకబండ. 'వెల్లలోపు 200 చుక్కల కట్టముగ్గు వేయవలెను' అని కోటనుంచి పత్రం వచ్చింది. మూలవెల్ల లెక్కన అది సబబైన ఆజ్ఞ. ఆ బండ మీద నేలవెల్ల 70 కూడా లేదు. ఆయనకు తెలుసు. చెప్పాడు. పత్రం తెచ్చినవాడికి చదవడం తప్ప మార్చే అధికారం లేదు. ఆయన 68వ చుక్క పెడుతుండగా వెనకాల మొదటి చుక్క తెల్లబడింది. ఆ పేజీ చదివాక నేను కాసేపు మిద్దె మీదికి పోయి నిలబడ్డాను.

ఇంకో చిన్న చేర్పు తిరుమల కొలువు నుంచి వచ్చింది. అక్కడ రోజూ పొద్దున స్వామికి ఆ రోజు తిథి, వారం, నక్షత్రం, యోగం, కరణం చదివి వినిపిస్తారు, ముందురోజు ఆదాయం లెక్క కూడా అప్పజెబుతారు. దేవుడికైనా ఈరోజు ఏ రోజో మనిషి విన్నవించుకోవడం నాకు చిన్నప్పటినుంచీ ఎంతో ఇష్టమైన సంగతి. నవల చివర్లో కొత్త రాణి చేసే మొదటి మార్పు ఇదే: ప్రతి ఊరి రచ్చబండ మీదా వెల్లకాపు అనే మనిషి పొద్దున్నే ఒక చుక్క పెట్టి, అది తెల్లబడేదాకా గొంతెత్తి లెక్కపెట్టి, 'ఈ పూట నేలవెల్ల ఇన్ని చుక్కలు' అని చాటాలి. మధ్యాహ్నం మళ్ళీ.

చదివించి చూస్తే

అచ్చుకు ముందు కొందరికి చదివించాం. ఎక్కువమంది అడిగింది ఒకటే: వెల్ల అంటే ఎన్ని నిమిషాలు? చివర్లో పట్టిక ఇద్దామని ఆమె మెత్తబడింది. నేను వద్దన్నాను. నిమిషాలు చెప్పామంటే చదివేవాడు ప్రతిచోటా మనసులో గుణించుకుంటాడు, బండ వేడిని మరిచిపోతాడు. దాని బదులు మొదటి అధ్యాయంలోనే అవ్వ మాట పెట్టాం. ముగ్గు ఆరేలోపల బిందె నింపుకుని పిల్ల పరుగెత్తుకొస్తుంది. తర్వాతి పేజీలో వేసవి వస్తుంది, అదే బావి, అదే బిందె, పిల్ల వచ్చేసరికి ముగ్గు ఆరిపోయి ఉంటుంది. రెండోసారి చదివినవాళ్ళలో ఆ ప్రశ్న మళ్ళీ ఎవరూ అడగలేదు.

'రెప్పపాటు', 'చిటికెలో', 'పొద్దుగూకేసరికి' లాంటివి ముట్టుకోలేదు. అవి ఏ లోకంలోనైనా చెల్లుతాయి. 'క్షణం' ఉంచాలా వద్దా అన్నది మాత్రం తేలలేదు. ఆమె ఉంచింది, నాకు ఇప్పటికీ చోటుచోటా తగులుతుంది.

చివరి యుద్ధం దగ్గర మళ్ళీ కూర్చోవాల్సి వచ్చింది. పుష్యమాసం, మంచు కురిసే రాత్రి. తడి ఆరదు, కాబట్టి వెల్లకు అంతే లేదు. వాడవాడంతా వంగి కోట చుట్టూ రాత్రంతా ముగ్గు వేస్తూనే ఉండొచ్చు, ఎంత పెద్దదైనా వేయొచ్చు. కానీ సూర్యుడు వచ్చేదాకా అది మేలుకోదు. శత్రువు గుర్రాల చప్పుడు వినబడుతూ ఉంటుంది. ధనుర్మాసంలో తెల్లవారుజామున వాకిట్లో వేసిన తడిముగ్గు ఎండ తగిలేదాకా కంటికి ఆనకపోవడం మా ఇద్దరికీ తెలిసిందే. ఆ తెలిసినదాని మీదే అధ్యాయం నిలబడింది. అక్కడ ముగ్గు ఎలా మేలుకుందో విడమరచమని నేను సలహా ఇచ్చాను, ఒక పేరా రాసి కూడా పంపాను. ఆమె దాన్ని పెట్టలేదు. కొండ భుజం మీద ఎండ పడిందని ఒక వాక్యం రాసి, కింది లైన్లో ఒక్క మాట పెట్టింది: తెల్లారింది.

ఇప్పుడు రెండో పుస్తకం మొదలుపెట్టింది. కథ సముద్రం ఒడ్డుకు పోతుందట. "ఉప్పుగాలికి ముగ్గు ఆరినట్టే ఉంటాది, మళ్ళీ చెమ్మ పడతాది నా. అక్కడ వెల్ల ఎట్ల?" అని అడిగింది. వచ్చే ఆదివారం తూపిలిపాళెం పోతున్నాం. అమ్మ బియ్యం నానబెడతానంది. ఈసారి ఆమె వాళ్ళ అవ్వను కూడా తీసుకొస్తోంది.